దూరమే రక్షణ: రోళ్లపాడు గడ్డిబీళ్లలో వన్యప్రాణి పరిశీలన – స్థిరబింబ బైనాక్యులర్ల ప్రయోజనం, పరిమితి

వ్యాససంగ్రహం:

ఓర్వకల్లుకు ఈశాన్యాన ఉన్న రోళ్లపాడు అభయారణ్యం బట్టమేక పక్షికి, కృష్ణజింకకు ఆవాసంగా ప్రసిద్ధి పొందింది. చెట్టుచాటు లేని ఈ బయలులో మనిషి దగ్గరకు పోయినకొద్దీ ప్రాణి దూరమవుతుంది. చేతివణుకును సరిదిద్ది బింబాన్ని నిలకడగా చూపే అధిక ఆవర్ధన బైనాక్యులర్లు ఈ చిక్కును ఎంతవరకు తీర్చగలవో వివరించడం ఈ వ్యాసం ఉద్దేశం. పరికరం పనిచేసే సూత్రం, రాయలసీమ ఎండ దానికి విధించే హద్దు, వేట పరిభాషకూ పరిశీలన పద్ధతికీ ఉన్న సంబంధం, 1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టం చెప్పే 'వేట' నిర్వచనం ఇందులో చర్చకు వస్తాయి. ఈ పరికరం అసలు ప్రయోజనం ప్రాణిని దగ్గరగా చూపడం కన్నా, మనిషిని దూరంగా నిలబెట్టడంలోనే ఉందని ఈ వ్యాసం ప్రతిపాదిస్తుంది.

కీలకపదాలు: రోళ్లపాడు, ఓర్వకల్లు, బట్టమేక, కృష్ణజింక, కలివికోడి, బైనాక్యులర్, బింబ స్థిరీకరణ, వేట పరిభాష.

1. ప్రవేశిక:

దూరాన ఉన్నదాన్ని దగ్గరగా చూడాలన్న కోరిక పాతది. 'దుర్భిణి' అన్న మాట పారసీకంలోని 'దూర్‌బీన్' నుంచి మనకు వచ్చింది. 'దూర్' అంటే దూరం, 'బీన్' అంటే చూసేది. రెండు కళ్లతో చూసే దుర్భిణికి వాడుకలో బైనాక్యులర్ అన్న పేరు స్థిరపడింది. పోలీసులు, నావికులు, గుర్రప్పందేల ప్రేక్షకులు వాడిన ఈ సాధనమే ఒకప్పుడు తుపాకీ వేటగాని మెడలోనూ వేలాడింది. నేడు అది ప్రధానంగా పక్షి పరిశీలకుని చేతిలో కనిపిస్తోంది.

సాధనం ఒకటే అయినా దానిని పట్టిన చేతి ఉద్దేశం మారింది. వేటగానికి చూపు మొదటి అడుగు మాత్రమే. తర్వాతి అడుగులన్నీ జంతువు వైపే పడతాయి. పరిశీలకునికి చూపే గమ్యం. అయితే ఆచరణలో ఈ తేడా ఎప్పుడూ ఇంత స్పష్టంగా ఉండదు. ఇంకా బాగా చూడాలన్న ఆశతో, మంచి ఫోటో కోసం పరిశీలకుడు కూడా పది అడుగులు ముందుకు వేస్తాడు. ఆ పది అడుగులే ఒక గూటిని పాడుచేయవచ్చు. కనుక ఎక్కడ ఆగాలన్న ప్రశ్నకు సాంకేతికమైన సమాధానం ఏమైనా ఉందా అన్నది పరిశీలించదగిన విషయం.

2. క్షేత్ర పరిచయం:

కర్నూలు నుంచి నంద్యాల పోయే దారిలో ఓర్వకల్లు ఉంది. వింత ఆకారాల శిలలతో, వాటి నడుమ నీటిమడుగులతో ఉన్న రాతివనం ఈ ఊరికి పేరు తెచ్చింది. ఈ మండలంలోని శకునాల, పొరుగున గడివేముల మండలంలోని గని గ్రామాల పరిధిలో 1000 మెగావాట్ల సౌరవిద్యుత్ పార్కు వెలసింది. 2021లో ఓర్వకల్లు విమానాశ్రయం ప్రారంభమైంది. ఒకప్పుడు గొర్రెలమందలూ జొన్నచేలూ మాత్రమే కనిపించిన మెట్టనేల మీద ఇప్పుడు సౌరఫలకాలు, విద్యుత్ తీగలు దిగంతరేఖను మార్చివేశాయి.

ఓర్వకల్లుకు ఈశాన్యంగా, మిడుతూరు మండలంలో రోళ్లపాడు అభయారణ్యం ఉంది. 1988లో అభయారణ్యంగా ప్రకటితమైన దీని వైశాల్యం 6.14 చదరపు కిలోమీటర్లు మాత్రమే. అభయారణ్యం అనగానే మన ఊహకు వచ్చే దట్టమైన అడవి ఇక్కడ లేదు. మోకాలెత్తు గడ్డి, అక్కడక్కడ ముళ్లపొదలు, చుట్టూ చేలు. ఇదే దాని స్వరూపం. గడ్డిబీడును 'పనికిరాని భూమి'గా లెక్కించే అలవాటు మన పాలనాభాషలో చిరకాలంగా ఉంది. 'బంజరు' అన్న ఒక్క మాట కింద పక్షి గూడు, తోడేలు గుహ, పశువుల మేత అన్నీ కనుమరుగవుతాయి.

బొంబాయి నేచురల్ హిస్టరీ సొసైటీ పరిశోధకులు 1980వ దశకంలో ఇక్కడ మకాం వేసి బట్టమేకను అధ్యయనం చేశారు. అప్పట్లో పదుల సంఖ్యలో కనిపించిన ఈ పక్షి తరువాతి దశాబ్దాలలో తగ్గిపోయి, నేడు కంటపడడమే అపురూపమైంది. సాగునీరు రావడంతో పంటల తీరు మారడం, బీళ్లు తగ్గిపోవడం ఇందుకు ముఖ్యకారణాలలో చేరతాయి. దేశం మొత్తం మీద ఇవి 150కి మించి లేవని అంచనా. వీటిలో అత్యధికం రాజస్థాన్‌లోనే ఉన్నాయి. అంతర్జాతీయ ప్రకృతి సంరక్షణ సమితి 2011లో ఈ జాతిని అత్యంత ప్రమాదస్థితిలో ఉన్నవాటి జాబితాలో చేర్చింది.

3. వేట పరిభాష – పరిశీలన పద్ధతి:

ప్రబంధాలకు వేట వర్ణన ఒక ముఖ్యాంగం. అల్లసాని పెద్దన మనుచరిత్రలో స్వరోచి వేట, ధూర్జటి శ్రీకాళహస్తీశ్వర మాహాత్మ్యంలో తిన్నని వేట సాహిత్య విద్యార్థులందరికీ పరిచితాలే. వీటిని మనం సాధారణంగా వర్ణనా సౌందర్యం కోసం, రసపోషణ కోసం చదువుతాము. వేటకు సంబంధించిన తెలుగు పదజాలాన్ని ప్రకృతి జ్ఞానంగా చదవడం కూడా సాధ్యమే. ఇక్కడ నాలుగు మాటలను మాత్రం తీసుకుందాం: జాడ, మాటు, గాలివాటం, దీమం.

'జాడ' అంటే జంతువు నేల మీద విడిచిన గుర్తు. అడుగు, పెంట, కొరికిన గడ్డి, రాలిన ఈక, ఇవన్నీ జాడలే. 'మాటు' అంటే కనబడకుండా పొంచి ఉండే చోటు. 'గాలివాటం' తెలిసినవాడు తన వాసన జంతువుకు సోకకుండా ఎదురుగాలిలో నడుస్తాడు. 'దీమం' అంటే సాటి జంతువులను ఆకర్షించడానికి మచ్చిక చేసి వదిలే జంతువు. దీమపు లేడి, దీమపు పిట్ట అన్న ప్రయోగాలు నిఘంటువులకు ఎక్కినవే.

ఈ నాలుగింటిలో మొదటిది ప్రాణి ఉనికిని తెలుపుతుంది. మిగిలిన మూడూ మనిషికీ ప్రాణికీ మధ్య దూరాన్ని తగ్గించే ఉపాయాలు. బాణం, ఈటె, వల పనిచేసే దూరం తక్కువ కాబట్టి ఆ ఉపాయాలు అవసరమయ్యాయి. వేటగాని నేర్పంతా 'చేరడం'లో ఉంది. పరిశీలకుడు అదే నేర్పును అరువు తెచ్చుకున్నప్పుడు, వేటగాని లక్ష్యం లేకపోయినా వేటగాడు కలిగించే భయాన్ని తానూ కలిగిస్తాడు. బట్టమేక దృష్టిలో ఈ ఇద్దరికీ భేదం లేదు. చేరకుండానే చూడగలగడం ఇక్కడి అవసరం. బైనాక్యులర్ ప్రాధాన్యం ఈ సందర్భంలోనే అవగతమవుతుంది.

4. ఆవర్ధనం – వణుకు:

బైనాక్యులర్ మీద 8×42, 10×42, 18×50 వంటి అంకెలు ఉంటాయి. మొదటి అంకె ఆవర్ధనం. వస్తువు ఎన్ని రెట్లు పెద్దదిగా కనిపిస్తుందో చెబుతుంది. రెండవది ముందున్న వస్తుకటకం వ్యాసం, మిల్లీమీటర్లలో.

ఆరోగ్యవంతమైన మానవనేత్రం సుమారుగా ఒక డిగ్రీలో 60వ వంతు కోణం వరకు వివరాన్ని వేరుచేసి చూడగలదు. దీనిని ఒక కళ అందాం. జ్యోతిర్గణితంలో ఈ మాట ఈ అర్థంలో ప్రసిద్ధమే. ఒక మీటరు ఎత్తున్న బట్టమేక కిలోమీటరు దూరాన నిలబడితే అది మన కంటి వద్ద సుమారు 3.4 కళల కోణం చేస్తుంది. ఏదో ఉన్నదని తెలుస్తుంది. పక్షి అని తేల్చడం కష్టం. 8 రెట్ల బైనాక్యులర్‌లో అదే పక్షి దాదాపు 27 కళలు, అంటే పున్నమి చంద్రబింబానికి కొంచెం తక్కువ ఎత్తు కనిపిస్తుంది. 18 రెట్ల దానిలో 62 కళలు, అంటే చంద్రబింబానికి రెట్టింపు.

గుర్తుపట్టడానికి పక్షి ఎత్తు ఒక్కటే చాలదు. మగ బట్టమేక తల మీద నల్లని టోపీ, తెల్లని మెడ, ఎదమీద నల్లని పట్టీ ఉంటాయి. ఆడపక్షి పరిమాణంలో చిన్నది, మెడ బూడిదరంగు, ఎదపట్టీ ఉండదు, ఉన్నా అసంపూర్ణంగా ఉంటుంది. 5 సెంటీమీటర్ల వెడల్పున్న ఒక గుర్తు కిలోమీటరు దూరంలో 0.17 కళ మాత్రమే. 8 రెట్లలో అది 1.4 కళలు, కంటి శక్తికి అంచున ఉన్నట్లు. 18 రెట్లలో 3.1 కళలు, స్పష్టంగా తెలియాలి.

తెలియాలి కాని, చేతితో పట్టుకుంటే తెలియదు. మనిషి కండరాలకు సహజంగానే సెకనుకు 8 నుంచి 12 సార్లు సూక్ష్మమైన వణుకు ఉంటుంది. దీనికి ఊపిరి కదలిక, గుండె కొట్టుకోవడం, బయలులో వీచే గాలి తోడవుతాయి. వణుకు డిగ్రీలో పదవ వంతు అనుకుందాం. 8 రెట్ల పరికరంలో దృశ్యం 0.8 డిగ్రీ ఊగుతుంది. 18 రెట్లలో 1.8 డిగ్రీలు, అంటే మూడు చంద్రబింబాలకు పైగా. ఆవర్ధనం పక్షిని ఎంత పెంచుతుందో వణుకునూ అంతే పెంచుతుంది. అందువల్లనే చేతితో పట్టే బైనాక్యులర్లు చాలాకాలం 8, 10 రెట్ల దగ్గరే ఆగిపోయాయి. అంతకు మించితే ముక్కాలిపీట తప్పనిసరి. బయలులో ముక్కాలిపీట నిలిపి సరిచేసుకునే మనిషి ఆకారం కూడా పక్షిని బెదిరించేదే.

5. స్థిరీకరణ పనిచేసే తీరు:

బింబ స్థిరీకరణకు ప్రధానంగా రెండు మార్గాలున్నాయి. మొదటిది పట్టకాలను వేలాడదీసే పద్ధతి. బైనాక్యులర్‌లో తలకిందులైన బింబాన్ని నిలువుగా మార్చడానికి పట్టకాలు ఉంటాయి. వాటిని బైటి గొట్టానికి గట్టిగా బిగించకుండా, అన్ని దిక్కులకూ తిరిగే చట్రంలో వేలాడదీస్తే, గొట్టం వణికినా పట్టకాలు తమ స్థితిని నిలుపుకుంటాయి. పడవ ఊగుతున్నా ఓడలోని దిక్సూచి సమంగా నిలవడం వంటిదే ఇది. 1990లో వెలువడిన జైస్ 20×60 ఎస్ నమూనా బ్యాటరీ అవసరం లేకుండా యాంత్రికంగానే ఈ పనిచేసింది. ఫుజినాన్ సంస్థ నమూనాలు జైరో సెన్సార్లనూ మోటార్లనూ జోడించాయి.

రెండవది కాంతిమార్గాన్ని మళ్లించే పద్ధతి. రెండు గాజుపలకల మధ్య పారదర్శకమైన ద్రవాన్ని నింపి, చుట్టూ ముడుచుకుని తెరుచుకునే తిత్తి అమర్చుతారు. పలకలు సమాంతరంగా ఉన్నంతసేపు కాంతి తిన్నగా పోతుంది. ఒక పలక వంగితే ఆ అమరిక పట్టకంగా మారి కాంతిని వక్రీభవింపజేస్తుంది. చేతి కదలికను పైకీ కిందికీ ఒకటి, పక్కలకు ఒకటి చొప్పున సెన్సార్లు కొలుస్తాయి. చిన్న కంప్యూటర్ ఆ కదలికకు వ్యతిరేకదిశలో పలకను వంచుతుంది. ఈ సూత్రంతో కానన్ సంస్థ 1995లో 12×36 నమూనాను సామాన్య వినియోగానికి తెచ్చింది. ఆ తరువాత 15×50, 18×50, 10×42 మొదలైనవి వచ్చాయి.

వాడుకలో ఇదంతా ఒక మీట నొక్కడంతో సరి. నొక్కిన క్షణంలో ఎగిరిపడుతున్న దృశ్యం నీటిమీది పడవ ఒడ్డుకు తాకినట్లు నిలిచిపోతుంది. అంతవరకు గడ్డిలో ఒక మచ్చగా ఉన్నది మెడ, ముక్కు, ఎదపట్టీతో పక్షిగా తేలుతుంది. గమనించవలసింది ఏమంటే, స్థిరీకరణ కొత్త వివరాన్ని సృష్టించదు; కటకం అప్పటికే అందించిన వివరాన్ని వణుకు చెరిపివేయకుండా కాపాడుతుంది.

అన్ని నమూనాల సవరణశక్తి ఒకటి కాదు. నేల మీద నిలబడి చూడడానికి రూపొందించినవి సుమారు ఒక డిగ్రీ లోపలి కదలికను సరిచేస్తాయి. పడవల కోసం రూపొందించినవి అయిదారు డిగ్రీల ఊపును తట్టుకుంటాయి. రోళ్లపాడు వంటి చోట మొదటి రకం సరిపోతుంది. జీపులో కూర్చుని చూసేటప్పుడు ఇంజను ఆపడం అవసరం.

6. ఎండ విధించే హద్దు:

వాణిజ్య ప్రకటనలు ఆవర్ధనం ఎంత పెరిగితే అంత మేలన్నట్లు చెబుతాయి. రాయలసీమ మెట్టలో ఈ మాట నిలవదు. ఇందుకు కారణం ఎండమావి.

పగటి ఎండకు రాతినేల కాగి, దానిని ఆనుకున్న గాలి వేడెక్కి పైకి లేస్తుంది. వేడిగాలి, చల్లగాలి వక్రీభవన గుణకాలు వేరు. ఈ రెండూ సుడులు తిరుగుతూ కలిసేటప్పుడు వాటి గుండా వచ్చే కాంతికిరణాలు క్షణక్షణం దారి మారుస్తాయి. దూరపు పక్షి కాళ్లు కరిగినట్లు, మెడ అలలాడినట్లు కనిపిస్తుంది. చేతివణుకు దృశ్యాన్నంతటినీ ఒకే దిక్కుకు కదుపుతుంది కాబట్టి పరికరం దానిని కొలిచి సరిచేయగలదు. ఎండమావి దృశ్యంలోని ఒక్కొక్క భాగాన్ని ఒక్కొక్క దిక్కుకు కదుపుతుంది. పైగా ఆ కదలిక పరికరం లోపల లేదు, బయటి గాలిలో ఉంది. జైరో సెన్సార్ దానిని పసిగట్టలేదు. మధ్యాహ్నవేళ 18 రెట్ల పరికరం అలలాడే బొమ్మను మరింత పెద్దదిగా చూపుతుందే గాని మరింత స్పష్టంగా చూపదు.

అయితే చల్లని వేకువలో చూడవచ్చు గదా అనిపిస్తుంది. అక్కడ రెండవ హద్దు ఎదురవుతుంది. కటకం వ్యాసాన్ని ఆవర్ధనంతో భాగిస్తే కంటికి చేరే కాంతిపుంజం వెడల్పు వస్తుంది. 8×42లో అది 5.25 మిల్లీమీటర్లు, 10×42లో 4.2, 18×50లో 2.8 మాత్రమే. పట్టపగలు కనుపాప రెండు మూడు మిల్లీమీటర్లకు ముడుచుకుంటుంది కనుక 2.8 సరిపోతుంది. మసకవెలుతురులో కనుపాప విచ్చుకున్నప్పుడు ఆ సన్నని పుంజం చాలక దృశ్యం చీకటిగా ఉంటుంది.

ఈ రెండు హద్దులను కలిపి చూస్తే ఒక ఆచరణాత్మక నిర్ణయం తేలుతుంది. గాలి నిలకడగా ఉన్న వేళ వెలుతురు చాలదు. వెలుతురు నిండుగా ఉన్న వేళ గాలి నిలవదు. ఈ రెంటి నడుమ, సూర్యోదయమైన అరగంట తరువాత మొదలై నేల కాగేదాకా ఉన్న వ్యవధి మాత్రమే అధిక ఆవర్ధనానికి అనుకూలం. వేసవిలో అది మహా అయితే ఒకటి రెండు గంటలు; చలికాలంలో మరికొంత ఎక్కువ. దృష్టిక్షేత్రాన్నీ లెక్కలోకి తీసుకోవాలి. 3.7 డిగ్రీల క్షేత్రం గల 18×50 పరికరం కిలోమీటరు దూరాన 65 మీటర్ల మేర మాత్రమే చూపుతుంది. 6.5 డిగ్రీల క్షేత్రం గల 10×42 దాదాపు 114 మీటర్లు చూపుతుంది. విశాలమైన బీడులో పక్షిని ముందు వెతికి పట్టుకోవడానికి వెడల్పైన చూపే కావాలి. కనుక ఒకే పరికరం కొనగలిగిన కళాశాలకు, పరిశోధకునికి 10 లేదా 12 రెట్ల స్థిరబింబ బైనాక్యులర్ ఈ ప్రాంతానికి తగినదని చెప్పవచ్చు. 18 రెట్లది దానికి తోడుగా ఉండదగినదే కాని, దానికి బదులు కాదు.

7. మూడు సందర్భాలు:

7.1 బట్టమేక: ఆడ బట్టమేక సాధారణంగా ఏడాదికి ఒక్క గుడ్డునే, అదీ వట్టినేల మీద పెడుతుంది. సుమారు నాలుగు వారాలు పొదుగుతుంది. మనిషి అలికిడికి లేచిపోతే ఆ గుడ్డు కాకికో, ఉడుముకో, కుక్కకో దక్కుతుంది. వందల సంఖ్యలో ఉన్న జాతికి ఒక గుడ్డు నష్టం పూడ్చుకోదగినది. పదుల్లోకి దిగిన జాతికి అది ఒక తరం. అందుచేత ఈ పక్షి విషయంలో 100 మీటర్ల నుంచి 8 రెట్లతో చూడడానికీ, కిలోమీటరు నుంచి స్థిరబింబంతో చూడడానికీ తేడా కేవలం సౌకర్యానికి సంబంధించింది కాదు. అది ఒక గూడు మిగలడానికి సంబంధించింది. మగపక్షి గొంతుసంచిని ఉబ్బించి, తోకను పైకెత్తి, గంభీరంగా మూలిగే ప్రణయ ప్రదర్శన కూడా అది తాను ఒంటరినని నమ్మినప్పుడే సాగుతుంది.

7.2 కృష్ణజింక: ఆంధ్రప్రదేశ్ రాష్ట్ర జంతువైన కృష్ణజింక రోళ్లపాడులో మందలుగా కనిపిస్తుంది. మగదాన్ని ఇఱ్ఱి అనీ ఆడదాన్ని లేడి అనీ తెలుగు వేరుచేసి పిలిచింది. మెలితిరిగిన కొమ్ములు, నల్లబడుతున్న వెన్ను చూసి మగవాటి వయసును అంచనా వేస్తారు. మందను బెదిరిస్తే పరుగులో లెక్క తప్పుతుంది; దూరం నుంచి నిలకడైన బింబంలో మేస్తున్న మందను తీరికగా రెండుసార్లు లెక్కించవచ్చు. ఈ లెక్కకు మానవకోణం కూడా ఉంది. అభయారణ్యం చుట్టూ ఉన్న రైతుల చేలలో జింకలు పంట మేయడం పరిశోధకులు నమోదు చేసిన సమస్య. బట్టమేకకోసం ఏర్పడిన రక్షణ జింకలను పెంచిందనీ, ఆ భారం తమమీద పడిందనీ రైతుకు అనిపించినప్పుడు సంరక్షణకు స్థానిక మద్దతు సన్నగిల్లుతుంది. ఏ చేలో, ఏ వేళ, ఎన్ని జింకలు అన్న నమ్మకమైన లెక్క రైతు వాదనకూ అటవీశాఖ నిర్ణయానికీ సమానంగా ఆధారమవుతుంది.

7.3 పిల్లిగద్దలు: చలికాలంలో మధ్య ఆసియా వైపు నుంచి వలస వచ్చే పిల్లిగద్దలు రోళ్లపాడు గడ్డిలో నేలమీదనే గుంపుగా రాత్రి మకాం చేస్తాయి. సాయంసంధ్యలో గడ్డిమీద తక్కువ ఎత్తున తేలుతూ దిగే వీటిలో జాతులను, ముఖ్యంగా ఆడపక్షులను వేరుచేయడం అనుభవజ్ఞులకే కష్టం. ఎగిరే పక్షిని వెంబడిస్తూ పరికరాన్ని తిప్పేటప్పుడు స్థిరీకరణ ఆ ఉద్దేశపూర్వకమైన కదలికను కూడా వణుకుగా భావించి కొంత వెనుకకు లాగుతుంది. పక్షిని మొదట మీట వదిలి అందుకొని, తరువాత నొక్కి నిలపడం అభ్యాసం మీద వస్తుంది. మసకవెలుతురు కాబట్టి ఇక్కడ 18×50 కన్నా 10×42 మేలు.

8. పరికరం చూపలేనిది – కలివికోడి:

పరికరం పరిమితిని గుర్తించడానికి కడప జిల్లా ఉదాహరణ మంచిది. మద్రాసు రాజధానిలో వైద్యుడుగా పనిచేసిన టి.సి. జెర్డాన్ 19వ శతాబ్ది మధ్యలో శాస్త్రలోకానికి పరిచయం చేసిన కలివికోడి 1900 తరువాత ఎవరికీ కనబడలేదు. అంతరించిందనే అందరూ భావించారు. 1986 జనవరిలో బొంబాయి నేచురల్ హిస్టరీ సొసైటీకి చెందిన భరత్ భూషణ్ అన్వేషణ ఫలితంగా సిద్ధవటం సమీపంలో అది తిరిగి వెలుగుచూసింది. దాన్ని పట్టి తెచ్చినవాడు స్థానిక వేటగాడు. శాస్త్రగ్రంథాలలో మాయమైన పక్షి ఆ ప్రాంత ప్రజల నోట 'కలివికోడి' అన్న పేరుతో నిలిచే ఉంది. ముళ్లున్న కలివిపొదల నడుమ తిరిగే పక్షి అన్న ఆవాస సమాచారం ఆ పేరులోనే ఇమిడి ఉంది.

ఇది రాత్రిపూట సంచరించే పక్షి. పొదల మరుగున ఉంటుంది. పగటి వెలుతురు, బారెడు బయలు కావలసిన బైనాక్యులర్‌కు ఇక్కడ పని తక్కువ. తరువాతి పరిశోధకులు శ్రీలంకమల్లేశ్వర అభయారణ్యం పరిసరాలలో పొదల మధ్య మెత్తని మట్టిపట్టీలు పరచి అడుగుల గుర్తులను చదివారు. తనంతట తాను ఫోటో తీసే కెమెరాలను అమర్చారు. మట్టిపట్టీ అంటే వేటగాని 'జాడ'కు శాస్త్రం ఇచ్చిన రూపమే. వేట పరిభాషలోని మొదటి మాట ఇలా పరిశీలన పరిభాషలో తిరిగి ప్రవేశించింది.

ఈ కథలో ఒక చేదు నిజం కూడా ఉంది. 1986లో పట్టుబడిన ఆ పక్షి బతకలేదు. దాని కళేబరం సేకరణలో నమూనాగా చేరింది. ఉన్నదని నిరూపించడానికి పట్టుకోవలసి రావడం, పట్టుకోవడమే దాని ప్రాణం తీయడం ఆ కాలపు పద్ధతుల పరిమితి. తాకకుండా తెలుసుకునే మార్గాలు ఎందుకు అవసరమో ఇంతకు మించిన ఉదాహరణ అక్కరలేదు.

9. చట్టం – 'వేట' నిర్వచనం:

1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టం దేశంలో వేటను నిషేధించింది. బట్టమేక, కృష్ణజింక, కలివికోడి మూడూ అత్యున్నత రక్షణ గల మొదటి షెడ్యూలులోనివే. ఈ చట్టంలోని 2(16) నిబంధన 'వేట'కు ఇచ్చిన నిర్వచనం భాషాపరంగానూ ఆసక్తికరమైనది. చంపడం మాత్రమే వేట కాదు. పట్టడం, ఉచ్చువేయడం, తరమడం, ఎరచూపడం, వాటికై ప్రయత్నించడం కూడా వేటే. పక్షుల విషయంలో గుడ్లను పాడుచేయడం, గుడ్లను గాని గూళ్లను గాని కలతపెట్టడం కూడా ఆ మాట పరిధిలోకి వస్తాయి.

మూడవ విభాగంలో చూసిన 'దీమం' ఇక్కడి 'ఎరచూపడం'లో చేరుతుంది. తుపాకీ ముట్టనివాడు, ఫోటోకోసం గూటి దగ్గరకు పోయినవాడు కూడా చట్టం దృష్టిలో వేటగాడు కాగలడు. అంటే వేటకూ పరిశీలనకూ మధ్య గీత ఆయుధం వద్ద కాదు, దూరం వద్ద ఉంది. వేటకు అనుమతి ఉన్న దేశాలలో స్థిరబింబ దుర్భిణిని కాల్చే ముందు జంతువు వయసు, లింగం నిర్ధారించుకోవడానికి వాడతారు. మన దేశంలో దానికి ఆ పని లేదు. ఇక్కడ అది ఆ గీతకు ఇవతలే నిలబడి చూడడానికి పనికివస్తుంది.

పరికరం తనంతట తాను నీతిని నేర్పదన్నది కూడా ఒప్పుకోవాలి. దూరం నుంచి గూడును కనిపెట్టినవాడు ఆ చోటును పదిమందికి చాటితే కిలోమీటరు దూరం పాటించిన ఫలితం వృథా అవుతుంది. అందుచేత కింది నియమాలు క్షేత్రపర్యటనకు పోయే అధ్యాపకులకు, పరిశోధకులకు ఉపయోగపడతాయి.

అ) అటవీశాఖ అనుమతితో, నిర్దేశించిన దారులలోనే వెళ్లాలి.
ఆ) పక్షి మేత మాని మెడ నిక్కించి చూసిందంటే అప్పటికే దగ్గరకు వచ్చామని గ్రహించి వెనుదిరగాలి.
ఇ) తేదీ, వేళ, దూరం, సంఖ్య, లింగం, చేస్తున్న పనితోపాటు స్థానికులు చెప్పిన పేరును వారి ఉచ్చారణలోనే రాసుకోవాలి.
ఈ) గూడు ఉన్న చోటును సామాజిక మాధ్యమాలలో వెల్లడించకూడదు, అటవీశాఖకు మాత్రమే తెలపాలి.
ఉ) విద్యుత్ తీగల సమీపంలో పెద్దపక్షులు ఎగిరే ఎత్తును, దిక్కును నమోదు చేయాలి.

చివరి నియమానికి కారణముంది. బట్టమేక కళ్లు తలకు పక్కలకు ఉండడంవల్ల ఎదురుగా ఉన్న సన్నని తీగ దానికి సకాలంలో కనబడదు. బరువైన పక్షి కావడంవల్ల చప్పున తప్పుకోలేదు. తీగలను భూగర్భంలో వేయడంపై సుప్రీంకోర్టు 2021 ఏప్రిల్ 19న రాజస్థాన్, గుజరాత్‌ల సందర్భంలో ఆదేశాలిచ్చి, 2024 మార్చి 21న వాటిని సవరించి నిపుణుల సంఘాన్ని నియమించింది. సౌరవిద్యుత్తు, పక్షి రక్షణ రెండూ కావలసినవే అన్న చిక్కు ఓర్వకల్లు పరిసరాలకూ వర్తిస్తుంది. ఇక్కడి దిగంతరేఖ మీద పెద్దపక్షుల రాకపోకలను నిలకడైన చూపుతో నమోదు చేసిన సమాచారం ఆ చర్చకు స్థానికమైన ఆధారం కాగలదు.

10. ముగింపు:

ఈ చర్చవల్ల తేలిన అంశాలు ఇవి. స్థిరబింబ బైనాక్యులర్ చేతివణుకును సరిదిద్ది అధిక ఆవర్ధనాన్ని చేతితో వాడుకునే వీలు కల్పిస్తుంది. రాయలసీమ ఎండలో గాలి నిలకడ, వేకువ వెలుతురు దాని శక్తికి హద్దులు గీస్తాయి. అందువల్ల 10, 12 రెట్ల పరికరమే ఇక్కడ ఎక్కువగా అక్కరకు వస్తుంది. రాత్రి సంచారి అయిన కలివికోడికి జాడ చదివే పాత విద్యే దారి చూపింది. చట్టరీత్యానూ ఆచరణరీత్యానూ వేటను పరిశీలన నుంచి వేరుచేసేది దూరం.

తెలుగు అధ్యయనానికి ఇందులో పని ఉంది. బట్టమేక, ఇఱ్ఱి, పిల్లిగద్ద, కలివికోడి వంటి పేర్లు, జాడ, మాటు, గాలివాటం, దీమం వంటి మాటలు కావ్యాలలోనూ నిఘంటువులలోనూ మిగిలి, బీళ్లలో గొర్రెలు కాచేవారి నోట ఇంకా వినిపిస్తున్నాయి. 1986లో ఒక పక్షి తిరిగి దొరకడానికి ఒక మాట బతికి ఉండడం తోడ్పడింది. పరిశోధకుడు రోళ్లపాటికి బైనాక్యులర్‌తో పాటు పలకరింపునూ తీసుకుపోవాలి. పక్షికి దూరంగా నిలబడి, ఆ పక్షిని ఎరిగిన మనిషికి దగ్గరగా కూర్చున్నప్పుడే ఈ పరిశీలన సంపూర్ణమవుతుంది.